వెళ్తున్నానని చెప్పని శుక్రవారం

ఎల్క్‌లిక్ లోయలో సెల్‌ఫోన్ పనిచెయ్యదు. మూతబడ్డ బొగ్గుగని దగ్గర రెండో మలుపు తిరిగేసరికి ట్విలా కోగర్ చేతిలో ఫోనుకి ప్రాణం పోతుంది. అందుకని ఆమె వచ్చినా వెళ్లినా ఆ సంగతి డెంజిల్ కట్లిప్ ఇంట్లో, గోడకున్న పాత ఫోన్లోంచే చెప్పుకోవాలి.

లేవలేని ముసలివాళ్ల ఇళ్లకెళ్లి సేవ చేసే పని ఆమెది. రోజూ ఉదయం తొమ్మిదికి వస్తుంది. బురద బూట్లు గుమ్మం బయట విప్పుతుంది. "ఉన్నావా పెద్దాయనా?" అని కేకేస్తుంది. లోపల్నుంచి దగ్గు వినిపిస్తే ఉన్నట్టు. అప్పుడు ఫోను తీసి, ఆఫీసువాళ్లిచ్చిన నంబరుకి చేసి, తన అంకెలు కొట్టి, ఒకటి నొక్కుతుంది. వచ్చాను అని దానర్థం. అవతల మరమనిషి ఆడగొంతుతో థాంక్స్ చెబుతుంది. ఆ థాంక్స్ వినకుండా స్టవ్ మీద కాఫీ కూడా పెట్టకూడదు.

ఆ తర్వాత నాలుగు గంటలు ఊపిరి సలపని పని. ఊపిరి సలపనిది నిజానికి డెంజిల్‌కి. ముప్ఫై ఎనిమిదేళ్లు గనిలో పీల్చిన బొగ్గుపొడి ఆయన ఊపిరితిత్తుల్లో రాయి కట్టింది. ముక్కుకి గొట్టం, ఆ గొట్టానికి మూలన రోజంతా గుర్రు పెట్టే ఆక్సిజన్ మిషను. ఆయన్ని లేపి, ఒళ్లు తుడిచి, గొట్టం కడిగి, చిక్కుళ్లు ఉడికించి, మొక్కజొన్న రొట్టె మెత్తగా నలిపి తినిపించి, దుప్పట్లు ఉతికి ఆరేసేసరికి ట్విలా నడుం తనది కాకుండా పోతుంది. ఆమెకీ యాభై ఆరొచ్చాయి మరి.

ఒంటిగంటకి మళ్లీ ఫోను. రెండు నొక్కితే వెళ్తున్నానని. ఊరికే వెళ్తానంటే మరమనిషి ఒప్పుకోదు, ఏం చేశావో చెప్పమంటుంది. స్నానానికి పదకొండు, తిండికి పద్నాలుగు, మందులు గుర్తుచేసినందుకు పదిహేను, బట్టలకి పద్దెనిమిది. ఇరవై రెండు కూడా ఉంది, బయటికి తోడు వెళ్లినందుకు. డెంజిల్ గుమ్మం దాటి మూడేళ్లయింది కనక ఆ ఇంట్లో ఇరవై రెండు ఎవరూ నొక్కలేదు. అన్నీ నొక్కాక ఫోను ఆయన చేతికిస్తే ఆయన తన పేరు చెప్పాలి. గొంతు సరిపోయిందంటేనే ఆమె వెళ్లినట్టు.

"డెంజిల్ కట్లిప్."

"గొంతు సరిపోలలేదు. మళ్లీ చెప్పండి," అంటుంది మరమనిషి.

"డెంజిల్ కట్లిప్ అన్నానా! డెబ్బై తొమ్మిదేళ్లుగా అదే పేరు. నచ్చకపోతే పైకెళ్లి మా అమ్మనడుగు."

"గొంతు సరిపోలలేదు."

"గాలి పీల్చుకుని నెమ్మదిగా చెప్పు పెద్దాయనా. దాంతో నీకు కొట్లాటేంటి?" అంటుంది ట్విలా.

"పీల్చుకోడానికి గాలే ఉంటే నువ్వెందుకే నాకు?"

ఇదివరకు ఈ బాధ లేదు. వారానికో కాగితం, శుక్రవారం ఇద్దరూ సంతకం పెడితే అయిపోయేది. పక్క కౌంటీలో ఒకావిడ, చనిపోయిన ముసలమ్మకి ఎనిమిది నెలలపాటు రోజూ స్నానం చేయించినట్టు రాసుకుంది. అలాంటివి దేశంలో ఇంకెన్ని జరిగాయో, ప్రభుత్వ సొమ్ముతో ఇళ్లకెళ్లి సేవ చేసేవాళ్లంతా ఎవరు, ఎవరికి, ఎక్కడ, ఎప్పట్నుంచి ఎప్పటిదాకా, ఏం చేశారో మిషను ముందు రుజువు చేసుకోవాలని రూలొచ్చింది. రూలుని ట్విలా తిట్టలేదు. దొంగలు లేరని ఆమె మాత్రం ఎలా అంటుంది? తిట్టుకునే ఓపిక కూడా ఉండాలి కదా.

చిక్కంతా మరుపుతో వచ్చింది. డెంజిల్ తర్వాత ఆమెకి కొండ దిగువన ఇంకో ఇద్దరున్నారు. కారులోనే రొట్టె కొరుక్కుంటూ పరిగెత్తాలి. ఆ హడావిడిలో ఒక్కోరోజు రెండు నొక్కడం మరిచిపోయేది. వెళ్తున్నానని చెప్పలేదు కనక వెళ్లనట్టే. ఆమె కారెక్కి కొండ దిగిపోయినా, ఇంకో ట్విలా డెంజిల్ మంచం పక్క కుర్చీలో అలాగే కూర్చుని ఉండేది.

దీన్ని లోయలో ఎవరూ వింతనుకోలేదు. గని నడిచే రోజుల్నుంచీ ఎరిగిన సంగతే. గని ముఖద్వారం దగ్గర ఒక బోర్డు ఉండేది. లోపలికెళ్లేవాడు తన నంబరున్న ఇత్తడి బిళ్ల దానికి తగిలించి వెళ్లాలి, బయటికొచ్చి తీసుకోవాలి. బిళ్ల బోర్డు మీదుంటే మనిషి లోపలున్నట్టు. తీసుకోవడం మరిచిపోయి ఇంటికెళ్లినవాడు సగమే ఇంటికెళ్లేవాడు. మిగతా సగం కింద చీకట్లో పార పట్టుకుని నిలబడి ఉండేది. పొద్దున ఫోర్‌మన్ బిళ్ల తీశాకే మనిషి పూర్తయ్యేవాడు. భోజనం దగ్గర మొగుడు పలక్కపోతే, "బిళ్ల మరిచొచ్చావా?" అని పెళ్లాలు విసుక్కునేవాళ్లు. ఇప్పుడు బిళ్ల పోయి ఫోనొచ్చింది, అంతే తేడా.

ఉండిపోయిన ట్విలా పనేమీ చెయ్యదు. కూర్చుంటుంది. మాట్లాడితే వింటుంది. చెయ్యి కావాలంటే చెయ్యిస్తుంది. ఇంటికెళ్లిన ట్విలాకి ఆ పూట కూరలో ఉప్పు తెలియదు, టీవీలో మాట ఎక్కదు. ఆమె పెంచుకున్న పిల్లి ఒళ్లో కూర్చోబోయి, చాలినంత ఒడి లేదన్నట్టు దిగిపోతుంది. మర్నాడు పొద్దున ఆఫీసులో నెల్డా అనే ఆవిడ, మూయకుండా వదిలేసిన హాజర్ల జాబితా తెరిచి, ఒక్కోదానికీ వెళ్లిన టైము చేత్తో దిద్ది, కారణం దగ్గర 'మరిచిపోయింది' అని కొట్టి సేవ్ చేసేది. ఆ క్షణాన, ఉండిపోయినామె కూర్చున్న అలసటంతా మూటగట్టుకుని ట్విలా ఒంట్లోకి వచ్చిపడేది. ఒకసారి వంతెన మీద ఉండగా వచ్చింది. కారు పక్కకి తీసి, స్టీరింగ్ మీద తల పెట్టుకుని పావుగంట లేవలేకపోయింది.

"నిన్న నువ్వెళ్లాక నువ్వు భలే కూర్చున్నావే," అనేవాడు డెంజిల్ మర్నాడు. ఆ రోజుల్లో ఆయన దగ్గు కూడా తక్కువగా ఉండేది.

జనవరిలో రాష్ట్రం నుంచి ఇంకో కాగితం వచ్చింది. నూటికి పదిహేను కంటే ఎక్కువ హాజర్లు చేత్తో దిద్దాల్సి వస్తే ఆ మనిషి పేరు జాబితాలోంచి తీసెయ్యాలని. నెల్డా ట్విలాకి ఫోన్ చేసింది.

"పదిహేను దగ్గరున్నావే తల్లీ. ఇంకొక్కటి దిద్దానా, మిషనే నీ పేరు కొట్టేస్తుంది. నా చేతుల్లో ఉండదు."

"సగం ఆ ముసలాయన గొంతు వల్లే కదా నెల్డా? పేరు చెప్పమంటే దగ్గుతాడు. మిషను విసిగి పెట్టేస్తుంది."

"దగ్గని రాయడానికి నాకు గడి లేదు. మరిచిపోయింది, ఫోను పాడైంది, కరెంటు పోయింది. మూడే. మార్చి ఆఖరికి లెక్క మళ్లీ మొదలవుతుంది, అప్పటిదాకా మరవకు. నువ్వు పోతే ఆ కొండెక్కి వెళ్లేవాళ్లు నాకింకెవరూ లేరు. ఆయన్ని వృద్ధాశ్రమానికి పంపేస్తారు."

ఆ రోజునుంచి ట్విలా మరవలేదు. చేతి మీద పెన్నుతో రెండు అని రాసుకునేది. డెంజిల్ చేత గుక్కెడు నీళ్లు తాగించి, వీపు నిమిరి, పేరు చెప్పించి, మరమనిషి థాంక్స్ విన్నాకే గుమ్మం దాటేది. హాజర్లన్నీ శుభ్రంగా మూసుకున్నాయి. డెంజిల్ ఒంటిగంట నుంచి మర్నాటిదాకా ఒంటరివాడయ్యాడు. శుక్రవారం నుంచైతే సోమవారం దాకా.

మార్చి రెండో వారంలో ఆయన తిండి మానేశాడు. గురువారం నర్సు వచ్చి, వీపు మీద స్టెతస్కోపు పెట్టి విని, ట్విలాని బయటికి పిలిచి, "ఎక్కువ రోజుల్లేవు. ఆసుపత్రికి రానంటున్నాడు, బలవంతం చెయ్యలేం," అని చెప్పి వెళ్లింది. ట్విలా లోపలికొచ్చేసరికి ఆయన గోడకేసి చూస్తున్నాడు. తలుపు పక్కన మేకుకి రెండు ఇత్తడి బిళ్లలు వేలాడుతున్నాయి. అన్నాళ్లూ ఆ రెండూ ఆయనవే అనుకుంది ఆమె.

"రెండోది ఆర్డెన్‌ది," అన్నాడు డెంజిల్. "మా తమ్ముడు. చెప్పానా నీకు?"

"లేదు. మాట్లాడకు, ఆయాసమొస్తుంది."

"ఎలాగూ వచ్చేదే." కాసేపు ఆగి ఊపిరి కూడగట్టుకున్నాడు. "శుక్రవారం. షిఫ్టు దిగుతున్నాం. వాడు నా వెనకే ఉన్నాడు. బోర్డు దగ్గర లైను పెద్దదని, నా బిళ్లతో పాటు వాడిదీ తీసేశాను. రోజూ చేసే పనే. వాడేమో భోజనం డబ్బా మరిచిపోయి వెనక్కెళ్లాడు. పైకప్పు కూలింది."

"వెతకలేదా?"

"ఎందుకు వెతుకుతారే? బోర్డు మీద బిళ్లుంటే కదా! బోర్డు ప్రకారం వాడు బయటికొచ్చేశాడు. నాతోపాటు ఇంటికొచ్చాడు కూడా. అమ్మ కంచం పెట్టింది. వాడు తినలేదు, పలకలేదు. అలిసిపోయాడనుకున్నాం. శనివారమంతా ఆ కుర్చీలోనే ఉన్నాడు. ఆదివారం మధ్యాహ్నం చూస్తే కుర్చీ ఖాళీ. అప్పుడు తెలిసింది నాకు. అప్పటిదాకా వాడు కింద బతికే ఉన్నాడు. రెండు రోజులు. ఒక్కడే."

ట్విలా లేచింది. ఆయన ముక్కు దగ్గర గొట్టం సర్దింది. అది సరిగానే ఉంది.

"నీకు మరుపు జాస్తి కదా," అన్నాడు ఆయన గోడ వైపే చూస్తూ. "రేపు ఒక్కసారి మరిచిపోరాదూ?"

"నా పని పోతుంది పెద్దాయనా."

"అవును కదూ," అన్నాడు డెంజిల్. ఇంకేం అడగలేదు. అడిగి ఉంటే ఆమెకి కోపమైనా వచ్చేది, కాదనడం తేలికయ్యేది.

ఆ సాయంత్రమంతా ట్విలా తనకి తాను నచ్చజెప్పుకుంది. ఈ పని పోతే లోయలో ఇంకో పని లేదు. గని మూశారు, బడి మూశారు, తను జీతం చేసిన కిరాణా కొట్టూ మూశారు. పైగా తనని తీసేస్తే కింద ఉన్న ఇద్దరి గతేంటి? ఇవన్నీ నిజమే. అన్నీ నిజమే అయినా గుండె మీద బండ దిగలేదు.

శుక్రవారం అన్ని పనులూ మామూలుగానే చేసింది. ఒళ్లు తుడిచింది. రెండు చెంచాల పళ్లరసం పట్టింది. కొత్త దుప్పటి పరిచింది. "వచ్చే నెల అడవి ఉల్లికాడలొస్తాయి, బంగాళాదుంపల్లో వేయించి పెడతా," అంది. డెంజిల్ కళ్లతో నవ్వాడు. ఒంటిగంటయింది. ఫోను తీసి నంబరుకి చేసింది. అంకెలు కొట్టింది. చేతి మీద రాసుకున్న రెండు కనిపిస్తూనే ఉంది. పదకొండు చేశాను, పద్నాలుగు చేశాను, పదిహేను, పద్దెనిమిది. ఊరికే పక్కన కూర్చున్నందుకు మాత్రం ఏ అంకే పెట్టలేదు మహానుభావులు. మంచం మీద ఆయన పేరు చెప్పడానికి సిద్ధంగా, బుద్ధిమంతుడిలా, చెయ్యి చాపి ఉన్నాడు. ఆ చాపిన చెయ్యి చూశాక ట్విలా ఫోను పెట్టేసింది.

బూట్లు తొడుక్కుంది. వెనక్కి తిరిగి చూడలేదు. గుమ్మం దాటుతుంటే లోపల కుర్చీ కిర్రుమని, ఎవరో సర్దుకుని కూర్చున్న చప్పుడు వినిపించింది.

శనివారం ఆమెకి కాఫీ వేడి తెలియలేదు. పిల్లి దగ్గరికి రాలేదు. ఎడమ అరచెయ్యి మాత్రం రోజంతా ఎవరో పట్టుకున్నట్టు వెచ్చగా ఉంది. ఆ చేత్తో ఏ గిన్నే ఎత్తలేకపోయింది, ఎత్తబుద్ధీ కాలేదు. పని ఎలాగూ పోయింది కనక కూర్చుని ఎదురుచూసింది. సోమవారం నెల్డా జాబితా తెరిచేదాకా ఉండిపోయినామె అక్కడే ఉంటుంది. అదొక్కటే ఆమెకి ధైర్యం.

ఆదివారం మధ్యాహ్నం చర్చిలో, తలా ఒక వంటకం తెచ్చుకుని తినే పొట్లక్ భోజనాలు. ట్విలా కంచం పట్టుకుని వరసలో నిలబడి ఉంది. రెండు నలభై అవుతుంటే అరచేతిలో పట్టు ఒకసారి గట్టిపడి, వదులైంది. వెంటనే ఉండిపోయినామె ట్విలాలోకి వచ్చేసింది. ఎప్పటిలా మూటలా వచ్చి పడలేదు. చలిలోంచి ఇంట్లోకొచ్చి తలుపు వేసుకున్నట్టు వచ్చింది. నోట్లో వేసుకున్న చిక్కుళ్లలో ఉప్పు తెలిసింది. ట్విలా కంచం బల్ల మీద పెట్టేసి, అక్కడే అందరి ముందూ ఏడ్చింది. ఆదివారం ఆఫీసు ఉండదు కదా, తనని వెనక్కి పంపిందెవరని కారెక్కాక గానీ తోచలేదు.

డెంజిల్ నిద్రపోతున్నట్టే ఉన్నాడు. దుప్పటి గడ్డం దాకా కప్పి ఉంది. మంచం పక్కన కుర్చీ ఇంకా దగ్గరికి జరిగి ఉంది. ఫోను గోడ మీద దాని చోట్లోనే ఉంది, తీగ మాత్రం మంచం దాకా సాగదీసినట్టు ముడతలు పోయి ఉంది. తలుపు పక్క మేకుకి ఏమీ లేదు. రెండు ఇత్తడి బిళ్లలూ ఆయన గుప్పిట్లో ఉన్నాయి. ఆక్సిజన్ మిషను ఇంకా గుర్రు పెడుతుంటే ఆపేసి, ట్విలా నర్సుకి ఫోన్ చేసింది.

సోమవారం గుర్తింపు కార్డు మెడలోంచి తీసి చేత్తో పట్టుకుని ఆఫీసుకెళ్లింది. నెల్డా కళ్లజోడు నుదుటి మీదికి తోసుకుని కంప్యూటర్ వంక చూస్తోంది. ఆవిడ ముందు కాఫీ మీద మీగడ కట్టింది.

"ఇదిగో కార్డు," అంది ట్విలా. "శుక్రవారం నొక్కలేదు. మరిచిపోయి కాదు, కావాలనే. ఏం రాసుకుంటావో రాసుకో."

"కూర్చోవే ముందు. నిలబడితే పడిపోయేలా ఉన్నావు." నెల్డా తెర ఆమె వైపు తిప్పింది. "మూయనివాటి జాబితాలో నీ పేరే లేదు. నీది మూసుకుంది. నిన్న రెండు నలభైకి, డెంజిల్ ఇంటి ఫోను నుంచే. నీ అంకెలే."

ట్విలా కార్డు బల్ల మీద పెట్టి కూర్చుంది.

"శుక్రవారం తొమ్మిది నుంచి యాభై మూడు గంటల నలభై నిమిషాలు. నాలుగు గంటలు దాటింది రాష్ట్రం పట్టించుకోదు. దానంతటదే కోసేస్తుంది, అది దిద్దినట్టు కాదు. పనుల దగ్గర మాత్రం ఒకటే అంకె పడింది. ఇరవై రెండు." నెల్డా కళ్లజోడు దించుకుంది. "బయటికి తోడు వెళ్లడం. ఆయన గుమ్మం దాటి మూడేళ్లయిందన్నావు?"

"దాటాడులే," అంది ట్విలా.

"గొంతు కూడా ఉంది. మొదటిసారికే సరిపోయిందట, వింటావా?"

నెల్డా ఏదో నొక్కింది. ముందు కాసేపు ఆక్సిజన్ మిషను గుర్రు. కుర్చీ కిర్రుమంది. లోహం లోహానికి తగిలి చిన్నగా మోగింది. "నెమ్మదిగా చెప్పు పెద్దాయనా," అని ట్విలా గొంతు. తర్వాత డెంజిల్. ఒక్క దగ్గు లేదు, కుర్రాడి గొంతులా నిండుగా ఉంది.

"డెంజిల్ కట్లిప్. ఆర్డెన్ కట్లిప్. ఇద్దరం బయటికొచ్చేశాం."

"థాంక్స్," అంది మరమనిషి.

నెల్డా ముక్కు తుడుచుకుని, బల్ల మీది కార్డు తీసి ట్విలా మెళ్లో మళ్లీ వేసింది. తెర మీద వరస కింది దాకా చూసింది. ఎవరు, ఎవరికి, ఎక్కడ, ఎప్పట్నుంచి, ఎప్పటిదాకా, ఏం చేశారు. అన్ని గళ్లూ నిండి ఉన్నాయి.

"దిద్దాల్సింది ఏమీ లేదు," అంది.